దుప్పటి తడిసింది గానీ తిత్తి ఖాళీ కాలేదు: వెనక కాళ్లు పడిపోయిన ఒక డాష్‌హండ్ కేసు

గోదావరి జిల్లాల్లో ఒక మోస్తరు పట్టణంలో నేను కుక్కలకూ పిల్లులకూ వైద్యం చేస్తాను. ఎమ్మారై స్కానింగు, వెన్నుపాము ఆపరేషను లాంటివి కావాలంటే పెద్ద నగరానికి పంపాల్సిందే. వెళ్లలేని కేసుల్లో వైద్యం చాలావరకు ఆ ఇంట్లోవాళ్ల చేతుల మీదుగానే నడుస్తుంది. ఈ కేసు రాయడానికి కారణం, ఇందులో నేను ఒక తప్పు చేశాను. దాన్ని సరిదిద్దింది మాత్రం నేను కాదు. ఇంటివాళ్ల అనుమతి తీసుకున్నాను, ఆనవాళ్లు తెలిసే వివరాలు మార్చాను. కుక్కను ఇక్కడ బుజ్జి అంటాను.

నేపథ్యం

ఐదేళ్ల మగ డాష్‌హండ్. బరువు 10.8 కిలోలు. వాడి ఒడ్డూ పొడుగుకు తొమ్మిది కిలోలు చాలు. మిగతా బరువు ఎక్కడిదో కనుక్కోవడానికి పెద్దగా శ్రమ పడలేదు. ఇంట్లో అమ్మ, నాన్న, ఇంజనీరింగ్ చదివే కొడుకు, నాయనమ్మ. మధ్యాహ్నం పెరుగన్నం, సాయంత్రం టీలో ముంచిన బిస్కెట్లు నాయనమ్మగారి ఖాతా. ఆ సంగతి కోడలు మొదటి ఐదు నిమిషాల్లోనే నా చెవిన వేసింది.

ఇంటిల్లిపాదీ తప్పంతా స్కూటీ మీద వేశారు. కొడుకు ముందు నిలబెట్టుకుని తిప్పుతుంటే వాడు దూకేశాడట, మర్నాటికి నడుము వంచేసి వణుకుతూ మూల కూర్చున్నాడట. ఆ అబ్బాయి ముఖం చూస్తే ఈ విషయం ముందు తేల్చాలనిపించింది. డాష్‌హండ్ కాళ్లు పొట్టిగా ఉండటానికీ, వెన్నుపూసల మధ్య మెత్తల్లా ఉండే డిస్కులు చిన్న వయసులోనే పాడవడానికీ మూలం జన్యువుల్లోనే ఉంది. ఎఫ్‌జీఎఫ్4 అనే జన్యువు అదనపు ప్రతి ఒకటి 12వ క్రోమోజోమ్ మీద ఉండటం దీనికి కారణమని 2017లో పరిశోధకులు గుర్తించారు. లేత ముంజలా ఉండాల్సిన డిస్కు మధ్యభాగం ఈ కుక్కల్లో మొదటి ఏడాది నుంచే ముదిరి, సున్నం కట్టడం మొదలవుతుంది. అలా గట్టిపడిన గుజ్జు ఏదో ఒక రోజు పైపొర చీల్చుకుని వెన్నుపాము మీదికి ఎగజిమ్ముతుంది. మంచం దిగుతుంటే జరగొచ్చు, ఏమీ చేయకుండా పడుకుని ఉన్నా జరగొచ్చు. "స్కూటీ ఒక సాకు మాత్రమే బాబూ" అన్నాను. అబ్బాయి నమ్మాడో లేదో తెలీదు గానీ, అప్పటిదాకా వాకిట్లో నిలబడ్డవాడు లోపలికొచ్చి కుక్క పక్కన కూర్చున్నాడు.

వచ్చినప్పటి పరిస్థితి

నా దగ్గరికి వచ్చేసరికి మూడో రోజు సాయంత్రం. మొదటి రోజు నొప్పికని ఇంట్లో ఉన్న డైక్లోఫినాక్ మాత్ర సగం వేశారు. రెండో రోజు ఎవరో స్టెరాయిడ్ ఇంజెక్షన్ చేశారు. ఆ రాత్రే వెనక కాళ్లు రెండూ పడిపోయాయి.

పరీక్షలో ముందుకాళ్లు బాగున్నాయి. వెనక కాళ్లలో తనంతట తాను చేసే కదలిక ఏమాత్రం లేదు. ఆఖరి పక్కటెముకల దగ్గర వెన్ను మీద వేలు పెడితే పొట్ట బిగబట్టాడు. ఇక మిగిలింది అన్నిటికన్నా ముఖ్యమైన ప్రశ్న: లోతు నొప్పి తెలుస్తోందా లేదా? కాలి వేలిని ఫోర్సెప్స్‌తో గట్టిగా నొక్కి చూస్తాం. ఇక్కడ చాలామంది పొరబడతారు. నొక్కగానే కాలు వెనక్కి లాక్కుంటే "తెలుస్తోంది" అనుకుంటారు. కాలు లాక్కోవడం వెన్నుపాము కింది భాగం తనంతట తానే చేసే పని, దానికి మెదడుతో సంబంధం లేదు. కుక్క తల తిప్పి చూడాలి, మూలగాలి, కరవబోవాలి. అప్పుడే ఆ కబురు మెదడు దాకా చేరినట్టు. బుజ్జి కుడికాలు నొక్కగానే తిరిగి నా చెయ్యి పట్టబోయాడు. ఎడమకాలికి రెండు మూడు క్షణాలు పట్టింది, అయినా మూలిగాడు. అంటే ఐదు దశల లెక్కలో నాలుగో దశ: కదలిక పోయింది, నొప్పి మిగిలింది.

ఎక్స్‌రేలో వీపు చివరి రెండు పూసల మధ్య సందు ఇరుకై, సున్నం మచ్చ కనబడింది. వెన్నుపాము ఎంత నలిగిందో ఎక్స్‌రే చెప్పదు కాబట్టి, డిస్కు అన్నది నా నిర్ధారణ కాదు, బలమైన అనుమానం. వెన్నుపాముకు రక్తం అందక కాళ్లు పడిపోయే జబ్బు ఇంకొకటుంది. కానీ అందులో తొలి గంటలు దాటాక నొప్పి ఉండదు, రోజు తర్వాత రోజు ముదరదు కూడా. వీడికి ఆ రెండూ ఉన్నాయి.

"ఒంటికి పోస్తున్నాడా?" అని అడిగాను. "పోస్తూనే ఉన్నాడండీ, దుప్పట్లన్నీ తడిపేస్తున్నాడు" అంది అమ్మ. పొట్ట తడిమితే మూత్రం నిండే తిత్తి పెద్ద బత్తాయంత, బిర్రుగా ఉంది. కుండ నిండి పొర్లుతోంది తప్ప వాడు పోయడం లేదు. వెన్నుపాము ఈ భాగంలో దెబ్బతింటే తిత్తి మూతి బిగుసుకుపోతుంది. లోపల నిండి, ఒత్తిడి తట్టుకోలేనప్పుడు కొంచెం కొంచెం కారుతుంది. అలా రోజుల తరబడి సాగితే తిత్తి కండ వదులైపోయి, కాళ్లు తిరిగొచ్చినా తిత్తి తిరిగి రాకపోవచ్చు. ఆ రోజు ఈ మాటలన్నీ వాళ్లకు చెప్పాను. చెప్పాను గాబట్టి అర్థమైందనుకున్నాను.

తీసుకున్న నిర్ణయాలు

నాలుగో దశలో ఆపరేషన్‌కు కోలుకునే అవకాశాలు బాగా ఎక్కువ, త్వరగా కూడా కోలుకుంటాయి. ఇంట్లో కదలకుండా ఉంచి చూసినా చాలా కుక్కలు లేస్తాయి, కాకపోతే ఆలస్యంగా, అంత నమ్మకంగా కాదు. రెండూ అలాగే చెప్పాను. ఖర్చు, దూరం లెక్క వేసుకుని ఇంటి దగ్గరే చూసుకుంటామన్నారు. నేను బలవంతపెట్టలేదు. నొప్పి తెలియని ఐదో దశ అయివుంటే అప్పు చేసైనా ఆ రాత్రే బయల్దేరమనేవాణ్ని, ఎందుకంటే అక్కడ ఆపరేషన్ లేకుండా ఆశ చాలా తక్కువ. వీళ్లకు ఒక కాగితం మీద రాసిచ్చాను: వేలు నొక్కితే తల తిప్పడం మానేసినా, నొప్పి మందులకు లొంగకపోయినా, ముందుకాళ్లు నీరసించినా వేళాపాళా చూడకుండా ఫోన్ చెయ్యాలి. ఆఖరిది ఎందుకంటే, కొన్ని కుక్కల్లో వెన్నుపాము దెబ్బతిన్న చోటి నుంచి పైకి పైకి కుళ్లుకుంటూ పోతుంది. ఆ దారి పట్టాక ఎవరూ ఆపలేరు, కుక్కను నరకయాతన పడనివ్వకుండా చూడటమొక్కటే మిగులుతుంది.

మందుల దగ్గర నా చేతులు కట్టేసినట్టయింది. డైక్లోఫినాక్ కుక్కకు పడదు, దాని మీద స్టెరాయిడ్ పడితే కడుపులో పుండ్లు పడే ప్రమాదం చాలా ఎక్కువ. అనుకున్నట్టే నాలుగో రోజు విరేచనం తారులా నల్లగా వచ్చింది. కాబట్టి డైక్లోఫినాక్ లాంటి నొప్పి మాత్రలు లేవు, స్టెరాయిడ్ మళ్లీ లేదు. స్టెరాయిడ్‌తో వెన్నుపాము బాగుపడుతుందన్న పాత నమ్మకాన్ని ఇప్పుడు నిపుణులు కూడా సమర్థించడం లేదు. నరాల నొప్పికి గాబాపెంటిన్ 100 మిల్లీగ్రాముల క్యాప్సూల్ ఎనిమిది గంటలకొకటి, కడుపుకు పాంటాప్రజోల్, సుక్రాల్ఫేట్. గాబాపెంటిన్ సిరప్ మాత్రం కొనొద్దన్నాను. మనుషుల సిరప్‌లలో కొన్నిటికి జైలిటాల్ కలుపుతారు, కుక్కకు అది విషం.

విఫలమైనవి

నాలుగు వారాలు కదలకుండా ఉంచాలన్నాను. చీలిన పైపొర మానడానికి ఆ మాత్రం పడుతుంది, ఈలోగా కుక్క ఈడ్చుకుంటూ తిరిగితే మిగిలిన గుజ్జు కూడా బయటికొస్తుంది. మొదటి రాత్రి పెరట్లోని కోళ్ల గంప బోర్లించారట. బుజ్జి ముందుకాళ్లతో దాన్ని నెట్టుకుంటూ హాలంతా తిరిగాడు. తర్వాత ఇనుప బోను తెచ్చి వెనక గదిలో పెట్టారు. రెండు రాత్రులు వీధి వీధంతా లేచేలా అరిచాడు. మూడో రాత్రి తట్టుకోలేక బయటికి వదిలేశారు.

మత్తు మందు రాయమన్నారు. రాసే ముందు వెళ్లి చూశాను. ఆ వెనక గదిలో స్టోరు సామాను, గ్యాస్ సిలిండరు, ఒక చిన్న కిటికీ. అసలే వైశాఖం ఎండలు. పుట్టినప్పటి నుంచి మనుషుల కాళ్ల మధ్య తిరిగిన కుక్క అది. వాడి బాధ బోనులో ఉండటం కాదు, ఒంటరిగా ఉండటం. వడ్రంగి చేత ప్లైవుడ్‌తో మూడడుగుల పొడవు, రెండున్నర అడుగుల వెడల్పు గూడు చేయించి, ఒకవైపు గ్రిల్ పెట్టించి, హాల్లో నాయనమ్మ పడక్కుర్చీ పక్కన ఉంచారు. లేచి తిరిగి పడుకోవడానికి చాలినంత జాగా, అంతకుమించి లేదు. అరుపులు ఆ రోజే ఆగిపోయాయి. మత్తు మందు రాసే అవసరం రాలేదు.

ఇరుగుపొరుగు సలహాలు వస్తూనే ఉన్నాయి. నువ్వుల నూనె మర్దనా, ఇసుక కాపడం. నడుము పిసికితే చీలిన డిస్కు ఇంకా చీలుతుందని చెప్పి ఆపించాను. చక్రాల బండి కూడా నన్నడక్కుండా ఆన్‌లైన్‌లో తెప్పించారు. రెండో వారంలో దానికి ఎక్కిస్తే విశ్రాంతి మాట గంగలో కలిసినట్టే. అది అటక మీదికెక్కింది, అక్కడే ఉండిపోయింది.

ఇక నా తప్పు. తిత్తి నొక్కి మూత్రం తీయడం కొడుక్కి క్లినిక్‌లో ఒకసారి చూపించాను. "ఇలా ఖాళీ అయ్యేదాకా నొక్కాలి, ఆరు గంటలకోసారి" అన్నాను. అతను తలూపాడు. నా ఎదుట అతని చేత చేయించలేదు. రోజూ ఫోన్లో "వస్తోందా?" అని అడిగేవాణ్ని, "వస్తోంది సార్" అనేవాడు. ఇద్దరం నిజమే మాట్లాడుకున్నాం.

పదకొండో రోజు అమ్మ ఫోన్ చేసింది. అన్నం ముట్టడం లేదు, గూడంతా ఘాటు వాసన. వచ్చేసరికి జ్వరం 103.8. కొడుకును నా ముందే నొక్కమన్నాను. అతను భయపడుతూ, కుక్క కదిలినప్పుడల్లా చెయ్యి వదిలేస్తూ, ఒక్కో విదిలింపుకు ఒక్కో చిన్న ధార తీశాడు. ధార ఆగిపోగానే "అయిపోయింది" అన్నాడు. వెంటనే సన్న గొట్టం వేసి చూస్తే ఇంకా 140 మిల్లీలీటర్లు వచ్చింది, కలకగా, చివర్లో నెత్తుటి జీరతో. పదకొండు రోజులుగా ఆ తిత్తి ఒక్కసారి కూడా ఖాళీ కాలేదన్నమాట. తొడల లోపల చర్మం మూత్రానికి ఒరిసి ఎర్రగా పచ్చిపుండై ఉంది, దాని మీద తడి తడిగానే పసుపు దట్టంగా పూసి ఉంది. పసుపు పెచ్చు కట్టాక కింద ఏముందో ఎవరికీ కనబడలేదు.

తిత్తి నుంచి సూదితో నేరుగా మూత్రం తీసి, యాంటీబయోటిక్ మొదలుపెట్టక ముందే ఏ క్రిమో తేల్చే కల్చర్ పరీక్షకు పంపాను. ఇ.కోలై అనే క్రిమి వచ్చింది, మందు దాని ప్రకారం ఇచ్చాం. గొట్టాన్ని అలాగే ఉంచేస్తే ఎవరికీ తంటా ఉండదు కదా అన్న ఆలోచన నాకూ వచ్చింది. కానీ గొట్టం ఉన్నన్నాళ్లూ కొత్త క్రిములకు అది రహదారి. ఇంకా ఎన్ని వారాలు పడుతుందో తెలియని కుక్కకు అది సరైన దారి కాదనిపించింది. తిత్తి మూతి వదులయ్యేందుకు ప్రజోసిన్ మొదలుపెట్టాను, రక్తపోటు పడిపోతుందేమోనని తక్కువ మోతాదుతో. నొక్కడం సరిగ్గా రాకపోతే ఇవన్నీ వృథా అని నాకు తెలుసు.

పని చేసింది

అప్పటిదాకా నాయనమ్మగారు బల్ల చివర నిలబడి చూస్తున్నారు. "డాక్టరు బాబూ, నేనోసారి చూడనా?" అన్నారు. కోడలు "మీరెందుకత్తయ్యా" అనబోయింది. పెళ్లయి వచ్చిన నాటి నుంచి నలభై ఏళ్లు ఆవిడ రెండు పూటలా గేదెల పాలు పితికారు. ఆ సంగతి నాకు అప్పుడే తెలిసింది.

కొడుకు తువ్వాలు నడుము కింద వేసి కుక్కను నిలబెట్టాడు. ఆవిడ పీట మీద కూర్చుని రెండు అరచేతులూ పొట్టకు చెరోవైపు, వెనక తొడలకు కొంచెం ముందు ఆనించారు. నొక్కలేదు. అలాగే ఉంచి, వేళ్లతో లోపలి గుండ్రాన్ని వెతికి పట్టుకున్నారు. "బిగబట్టాడు చూడు, ఇప్పుడు నొక్కకూడదు. గేదె చేపాక కదా పితికేది" అన్నారు మనవడితో. పొట్ట మెత్తబడటం నాకూ కనబడింది. అప్పుడు రెండు చేతులూ ఒక్కసారిగా దగ్గరికి, తోకవైపుకు, నెమ్మదిగా, వదలకుండా ఒత్తారు. ధార మొదలయ్యాక కూడా అదే ఒత్తిడి ఉంచారు. ఆగిపోయాక చేతులు తీసి నిమిషం ఆగి మళ్లీ వెతికారు. ఇంకో ధార వచ్చింది. గొట్టం వేసి తీసేయగా మిగిలినదంతా కలిపితే ఎక్కువేం కాదు. కానీ ఆ పద్ధతి నేను చూపించినదానికన్నా బాగుంది. నేను ఎక్కడ ఒత్తాలో చెప్పాను, ఎప్పుడు ఆగాలో చెప్పలేదు.

ఆ రోజు నుంచి నొక్కే పని ఆవిడది, పట్టుకునే పని మనవడిది. తెల్లవారి ఐదుకు, పదకొండుకు, సాయంత్రం ఐదుకు, రాత్రి పదకొండుకు. ఈసారి "వస్తోందా" అని నేను అడగలేదు. కుక్క శరీరం గంటకు కిలోకు ఒకటి నుంచి రెండు మిల్లీలీటర్ల మూత్రం తయారు చేస్తుంది. ఆ లెక్కన బుజ్జికి రోజుకు 260 నుంచి 520 మధ్య రావాలి. గీతలున్న ప్లాస్టిక్ మగ్గు ఒకటిచ్చి, వచ్చినంతా కొలిచి రాయమన్నాను. నాయనమ్మగారు పాల పద్దు పుస్తకం వెనక పేజీల్లో రాశారు. తేదీ, నాలుగు గళ్లు, చివర మొత్తం. మొదటి రోజు 310, తర్వాతి రోజు 345. వాసన ఉన్న రోజు పక్కన ఒక చుక్క. ఐదో రోజు తర్వాత చుక్కలు లేవు.

ప్రజోసిన్ వల్ల తేలికైందా, ఆవిడ చేతి వల్లా అంటే విడదీసి చెప్పలేను. రెండూ ఒకే రోజు మొదలయ్యాయి.

చర్మం సంగతి: రోజుకు రెండుసార్లు గోరువెచ్చని నీళ్లతో కడిగి, ఒత్తి తుడిచి, పూర్తిగా ఆరాక పల్చగా పెట్రోలియం జెల్లీ. జింక్ ఉన్న క్రీములు వద్దన్నాను, నాకితే ప్రమాదం. గూడు మీద దోమతెర కప్పించాను. దోమల కోసం కాదు, ఈగల కోసం. ఎండాకాలంలో మూత్రంతో తడిసిన చర్మం మీద ఈగ వాలితే ఒక్క రోజులో పురుగు పడుతుంది. కాళ్లు పడిపోయిన కుక్కకు ఆ పురుగు తొలిచేది తెలియకపోవచ్చు కూడా. రెక్సిన్ తొడిగిన ఫోమ్ మీద పాత నేత చీర మడతలు, తడిస్తే వెంటనే మార్పు, నాలుగు గంటలకోసారి పక్క తిప్పడం. పెరుగన్నం సగం చేసి, టీ బిస్కెట్లు మానేశారు. దానికి నాయనమ్మగారు ఒప్పుకోవడమే ఈ కేసులో అన్నిటికన్నా కష్టమైన బేరం. చివరికి ఉడికించిన సొరకాయ ముక్కల దగ్గర రాజీ కుదిరింది.

కోలుకున్న క్రమం

పద్నాలుగో రోజు కొడుకు ఆనందంగా వీడియో పంపాడు. నొక్కుతుంటే తోక ఊగుతోంది. అది వెన్నుపాము తనంతట చేసే ఊపే, సంబరపడొద్దని చెప్పాల్సొచ్చింది. అలా చెప్పడం నాకూ బాధే. పదిహేడో రోజు సాయంత్రం పాలబ్బాయి సైకిల్ బెల్లు వినగానే తోక కొట్టాడట, ఎవరూ ముట్టుకోకుండానే. ఈసారి నేనే మళ్లీ అడిగి అడిగి వివరాలు కనుక్కున్నాను. చెవితో విన్నది తోక దాకా వెళ్లిందంటే దారి తెరుచుకుంటోంది.

ఇరవై నాలుగో రోజుకు కుడికాలు కదిలింది. నాలుగు వారాలు నిండాక తువ్వాలు ఊతంతో ఐదేసి నిమిషాలు నిలబెట్టడం మొదలుపెట్టాం. నున్నటి టైల్స్ మీద కాలు నిలవదు కాబట్టి హాలు పొడవునా గోనెసంచులు పరిచారు. ముప్పై ఆరో రోజు సాయం లేకుండా కొన్ని క్షణాలు నిలబడ్డాడు. ఏడో వారంలో తాగినవాడిలా తూలుతూ పది అడుగులు.

తిత్తి విషయంలో తొందరపడలేదు. ఐదో వారంలో గోనెసంచి మీద వంగి తనంతట తాను పోశాడు. మామూలుగా ఆ రోజే ఇంట్లోవాళ్లు నొక్కడం మానేస్తారు. మేము పోశాక మిగిలింది ఎంతో నొక్కి కొలిచాం: 60, 55, 30, 35, 15. వరసగా నాలుగు రోజులు 15 దాటకపోయాకే మానిపించాను, ప్రజోసిన్ కూడా అప్పుడే తగ్గించాను.

ఈ ఒక్క కుక్కను చూపించి ఇంటి సంరక్షణే చాలు అని ఎవరైనా అంటే నేను ఒప్పుకోను. నొప్పి తెలిసే దశలో ఉన్నాడు కాబట్టి వాడికి మొదటి నుంచీ అవకాశం ఉంది. మేము చేసింది ఆ అవకాశం తిత్తి దగ్గరా, చర్మం దగ్గరా జారిపోకుండా చూడటం. నా క్లినిక్‌లో మాత్రం రెండు పనులు మారాయి. తిత్తి నొక్కడం నేర్చుకునేవాళ్లు నా ఎదుట రెండుసార్లు చేసి, రెండోసారి స్కాన్‌లో తిత్తి ఖాళీగా కనబడితేనే ఇంటికి పంపుతాను. నాతో మాట్లాడే మనిషికే పని అప్పజెప్పడం మానేశాను. ఇంట్లో ఎవరికి తీరిక ఉంది, ఎవరి చెయ్యి నెమ్మది అని అడుగుతున్నాను. చంటిపిల్లల్ని పెంచినవాళ్లు, పశువుల దగ్గర పనిచేసినవాళ్లు, ఒక ఇంట్లో అయితే మంగళి పని చేసే మేనమామ.

నాలుగు నెలల తర్వాత చూపించడానికి తెచ్చారు. 9.3 కిలోలు. ఎడమకాలి పంజా అప్పుడప్పుడు మడత పడుతోంది, నేల మీద గోరు రాసుకునే చప్పుడు వినిపిస్తోంది. అది ఇక అలాగే ఉండొచ్చని చెప్పాను. పాల పుస్తకంలో ఆ పేజీల తర్వాత మళ్లీ పాల లెక్కలే ఉన్నాయి. సాయంత్రం పాలు పోయించుకుని లోపలికొచ్చేటప్పుడు నాయనమ్మగారు ఇప్పటికీ ఒకసారి వంగి పొట్ట తడిమి చూస్తారట, వాడు కూడా ఆ వేళకు వచ్చి నిలబడతాడట.